ఉరుకులోడి దిబ్బ

కొండ్రవారిపాలెంలో పురుగుల్ని చంపడంలో వెంకటరావమ్మను మించినవాళ్ళు లేరు. మిరపలో నల్ల తామరపురుగు, పత్తిలో గులాబీరంగు పురుగు, కందిలో కాయతొలిచే పురుగు, ఆఖరికి బియ్యం డబ్బాలో ముక్కపురుగు, అన్నిటితోనూ ఆమెకు నలభై ఏళ్ళ పగ. ఏ పురుగుకు ఏ మందు కొట్టాలో, గాలి ఎటునుంచి వీస్తుంటే ఎటు నిలబడి కొట్టాలో ఊళ్ళో మగవాళ్ళు కూడా ఆమెనే అడిగి కొడతారు. అలాంటి మనిషి దగ్గరికి మాఘమాసంలో ఒకరోజు ఒక అమ్మాయి వెతుక్కుంటూ వచ్చి, “పెద్దమ్మా, మీరు కాయలు ఎండబోసే దిబ్బ మీద ఒక పురుగుందండీ. దాన్ని కాపాడాలి” అంది.

వెంకటరావమ్మ ఆ అమ్మాయిని కిందినుంచి పైదాకా చూసింది. కాళ్ళకు బూట్లు, నెత్తిన టోపీ, చేతిలో సీతాకోకచిలుకలు పట్టే వల.

“ఎవర్నుంచి కాపాడాలమ్మా?”

“మన నుంచేనండీ” అని, ఆ అమ్మాయి వరసగా మూడు తుమ్ములు తుమ్మింది. పక్కనే మిరపకాయల రాశి. అలవాటు లేని ముక్కు దాని ఘాటుకు ఓర్చుకోవడం కష్టం.

ఆ అమ్మాయి పేరు దీప్తి. గుంటూరులో ఉండి పురుగుల మీద పరిశోధన చేస్తోంది. ఆ మాట చెప్పగానే, రాశి దగ్గర కూర్చుని తాలుకాయలు ఏరుతున్న మదార్‌బీ తల ఎత్తింది. మదార్‌బీ వెంకటరావమ్మకు పక్కచేను మనిషి, పక్కింటి మనిషి, మూడు వంతుల పనుల్లో పక్కమనిషి.

“పురుగుల మీద చదువు కూడా ఉందా అమ్మాయ్? ముందే చెప్పుంటే మేమూ చదివేవాళ్ళం గదా. మాకన్నా ఎక్కువ ఎవరు చూశారు పురుగుల్ని?”

దిబ్బ సంగతి చెప్పాలి. ఆ చుట్టుపక్కల ఎటు చూసినా నల్లరేగడే. వానొస్తే కాలు పట్టుకుని వదలదు, ఎండొస్తే మనిషి కాలు దిగేంత బీటలిస్తుంది. ఊరికి తూర్పున వాగు మెలిక తిరిగేచోట మాత్రం, ఎప్పటి వరదలకు కొట్టుకొచ్చిందో, అరెకరం మేర తెల్లటి ఇసుకదిబ్బ ఉంది. ఆ దిబ్బ మీద కాయ ఎండబోస్తే నాలుగు రోజుల్లో గలగలమంటుంది. రేగడి మీద పోస్తే తెల్లారేసరికి చెమ్మ పీల్చుకుని సగం కాయ తెల్లబడి తాలవుతుంది. వెంకటరావమ్మ కాపురానికొచ్చిన ఏడాదినుంచి ఆ దిబ్బ మీదే ఎండబోస్తోంది. భర్త పోయాక కూడా మానలేదు. ఆమె కాయ రంగు చూసి వ్యాపారులు ముందు ఆమె బస్తాలే విప్పమంటారు. అయితే దిబ్బ ఆమెది కాదు. వాగు పోరంబోకు. ఆమె చేతిలో ఉన్నది నలభై ఏళ్ళ అలవాటే గాని కాగితం ముక్క కాదు.

ఆ సంగతి నాలుగు రోజుల కిందటే పిచ్చయ్య గుర్తుచేసి పోయాడు. పిచ్చయ్య ఆమెకు మేనల్లుడి వరస. ఊళ్ళో ఉన్న నాలుగు ట్రాక్టర్లలో రెండు అతనివి. ట్రాక్టరు మీదనుంచి దిగకుండానే చెప్పాడు.

“అత్తా, సిమెంటు రోడ్డుకి ఇసుక కావాలి. సోమారం నుంచి దిబ్బ తోలతన్నాం. ఈలోపు నీ కాయలెత్తేసుకో.”

“నా కాయలు యాడ పొయ్యమంటావురా? నీ నెత్తి మీదా?”

“రోడ్డు మీద పోసుకో. అందరూ పోసుకోటల్లా? నేను పోసుకోటల్లా?”

“రోడ్డు మీద పోస్తే బస్సు తొక్కిద్ది, కుక్క దొర్లిద్ది. నీ కాయలు తిన్నోళ్ళకి కారం కాదు, బస్సు టైరు తెలుస్తది.”

“నువ్వెన్నన్నా అను. దిబ్బ నీదని కాగితం చూపిస్తే నా బండి ఇప్పుడే ఎనక్కి తిప్పుతా.”

కాగితం లేదు కాబట్టి వెంకటరావమ్మ ఆ నాలుగు రోజులూ అన్నం సరిగా తినలేదు. మాట్లాడటం మాత్రం మానలేదు. ఎదురుపడ్డ ప్రతివాడినీ పిచ్చయ్య లెక్కలో తిట్టింది.

దీప్తి ఆమెను దిబ్బ మీదకు తీసుకెళ్ళి, ఎండలో గొంతుక్కూర్చుని, “అదిగోండి” అని చూపించింది. చిటికెనవేలి గోరంత పురుగు. ఇత్తడి రంగు. వీపు మీద సన్నటి తెల్లగీతలు. నాలుగు బారల దూరం రివ్వున ఉరికింది. ఏదో మరిచిపోయినట్టు టక్కున ఆగింది. మళ్ళీ ఉరికింది.

“ఓసి, ఇదా!” అంది వెంకటరావమ్మ. “ఇది ఉరుకులోడు గదే మదార్‌బీ. పెళ్ళిలో సాంబారు బకెట్టు పట్టుకుని వడ్డించేవాడిలాగా ఎప్పుడూ పరుగే. దీన్ని కాపాడేదేంది, పట్టుకోటమే గగనం.”

“ఇంతకుముందు ఇంకో మూడు వాగుల దగ్గర ఉండేదండీ. ఇసుక పోయిన చోటల్లా ఇదీ పోయింది. నేను రెండేళ్ళు తిరిగితే ఇక్కడ ఒక్కచోటే దొరికింది.”

“మిరపకాయ తింటదా?”

“లేదండీ. చీమల్ని తింటుంది.”

వెంకటరావమ్మ మొహంలో పగ కాస్త సడలింది. దీప్తి అసలు మాట అప్పుడు చెప్పింది. శుక్రవారం ఫారెస్టు రేంజరు ఉదయ్ కుమార్ గారు వస్తారు. పురుగును కళ్ళతో చూస్తే, దిబ్బ తవ్వకూడదని రాసి పంపుతారు. చూడకపోతే సోమవారం ట్రాక్టర్లు దిగుతాయి.

“అంటే ఈ ఉరుకులోడు కనపడితే పిచ్చయ్య బండి ఆగిపోద్దా?”

“ఆగుతుందండీ.”

“అయితే వీడు మావోడే” అంది వెంకటరావమ్మ.

దీప్తి మూడు జాగ్రత్తలు చెప్పింది. శుక్రవారం దాకా దిబ్బ మీద మందు కొట్టకూడదు. కాయలు పోయకూడదు. బండి చక్రం పడనివ్వకూడదు. వెంకటరావమ్మ మూడు వేళ్ళు ముడిచి, మూడు మాటలూ తిరిగి అప్పజెప్పింది. అప్పజెప్పినట్టే చేసింది కూడా. కాయలన్నీ ఎత్తి గట్టు మీద కుప్పపోసి పరదా కప్పింది. దిబ్బకు అడ్డంగా ముళ్ళకంప వేసింది. అటుగా ఎవరైనా స్ప్రేయరు వీపున వేసుకుని పోతుంటే, ఆ మనిషి పొలిమేర దాటేదాకా వెనకాలే నడిచింది.

గురువారం సాయంత్రం దిబ్బ మీద నిలబడి చూస్తే ఆమెకు మనసు ఒప్పలేదు. ఎక్కడ చూసినా మేక పెంటికలు, ఎండుటాకులు, కాళ్ళ గుర్తులు.

“ఏమేవ్ మదార్‌బీ, రేపు అంత పెద్దాఫీసరు వస్తన్నాడు. ఈ చోటు చూస్తే ఏమనుకుంటాడే? కాళ్ళు పెట్టేటట్టుందా?”

“ఇసుక దిబ్బ ఇసుక దిబ్బలాగే ఉంటదక్కా.”

“మన ఇంటికి మనిషొస్తేనే వాకిలి ఊడ్చి కళ్ళాపి చల్లుతాం. ఆడపిల్లని చూట్టానికొస్తే ఇల్లంతా అలుకుతాం. వీడు మన పురుగు. వీణ్ణి చూట్టానికి వస్తన్నారు. ఊరికే చూపిస్తామా?”

మదార్‌బీకి ఆ మాట నిజమే అనిపించింది. పైగా పేడ ఆమె గేదెలదే.

శుక్రవారం తెల్లవారుతూనే ఇద్దరూ దిబ్బంతా చీపురుతో ఊడ్చారు. రెండు డ్రమ్ములనిండా చిక్కటి పేడనీళ్ళు కలిపి, అంచునుంచి అంచుదాకా చల్లి, చేతులతో సాపు చేశారు. దక్షిణపు మూల తుంగ మొలిచిన ఆ కాస్త చోటు మాత్రం మోకాళ్ళు మొరాయించి వదిలేశారు. ఇన్నేళ్ళలో ఆ దిబ్బకు అలుకు పెట్టడం అదే మొదలు. ఎండ పడేసరికి దిబ్బ లేత ఆకుపచ్చ రంగులో పెళ్ళింటి వాకిలిలా తళతళలాడింది. నడుం పట్టేసినా వెంకటరావమ్మ వదల్లేదు. రాళ్ళపిండి తెచ్చి, అతిథి వచ్చే వైపున పదకొండు చుక్కల ముగ్గు వేసింది.

పది గంటలకు జీపు వచ్చింది. జీపు వెనకాలే, తమాషా చూద్దామని, పిచ్చయ్య ట్రాక్టరు వచ్చింది. దీప్తి జీపు దిగి, దిబ్బ వైపు తిరిగి, రెండడుగులు వేసి ఆగిపోయింది.

“పెద్దమ్మా… ఏం చేశారండీ?”

“అలికాం” అంది వెంకటరావమ్మ చేతులు కడుక్కుంటూ.

“పేడ కొన్నది కాదమ్మా, సొంత గేదెలదే” అంది మదార్‌బీ.

దీప్తి మొహం చూసి వెంకటరావమ్మ గబగబా మూడు వేళ్ళు ముడిచింది. “మందు కొట్టానా? లేదు. కాయ పోశానా? లేదు. బండి చక్రం పడనిచ్చానా? లేదు. నువ్వు చెప్పినవన్నీ చేశాను గదమ్మా!”

“పేడ అలకొద్దని చెప్పాలని నాకెలా తోస్తుందండీ!” అంది దీప్తి. ఆ వెంటనే తుమ్మింది. కళ్ళు తుడుచుకుంది. ఘాటుకు వచ్చిన నీళ్ళో, లోపలినుంచి వచ్చిన నీళ్ళో ఎవరికీ తెలియలేదు.

పిచ్చయ్య ట్రాక్టరు మీదనుంచి విరగబడి నవ్వాడు. “పురుగుని చూట్టానికా సార్ వచ్చారు? నేనింకా మా అత్త ఎవరికో పెళ్ళిపందిరి ఏస్తందనుకున్నా!”

రేంజరు ఉదయ్ కుమార్ నెమ్మదైన మనిషి. నల్లపాడులో పుట్టి, మిరపకాయల లారీల మధ్య పెరిగినవాడు కాబట్టి ఘాటుకు ముక్కు కూడా కదల్చలేదు. అలికిన చోట బూట్లతో నడవకూడదని ఎవరూ చెప్పకముందే, బూట్లు విప్పి గట్టున పెట్టాడు.

“అలుకు బాగుందమ్మా. కానీ నాకు కావాల్సింది పురుగు. పన్నెండింటికల్లా నేను వినుకొండ వెళ్ళాలి. ఈలోపు నా కంటికి కనపడాలి. కనపడనిది కనపడిందని నేను రాయలేను.”

నలుగురూ వెతికారు. వంగి చూశారు, కూర్చుని చూశారు. తడి అలుకు వాసనకు ఉరుకులోళ్ళు ఎటు ఎగిరిపోయారో ఒక్కడూ లేడు. పదకొండు దాటింది. వెంకటరావమ్మ గట్టు మీద కూలబడింది. నలభై ఏళ్ళపాటు చంపుదామని మందులు కొడితే చావకుండా మళ్ళీ మళ్ళీ వచ్చిన జాతి ఇది. ఒక్క పూట మర్యాద చేస్తే పోయింది. సోమవారం దిబ్బ పోతుంది. దిబ్బ పోతే ఆమె కాయ కూడా రోడ్డు మీదే. వ్యాపారి బస్తా విప్పి, మొహం చిట్లించి, పక్క బస్తా దగ్గరికి వెళ్ళిపోవడం ఆమెకు కళ్ళముందు కనపడింది.

ఎంత దుఃఖమున్నా వచ్చిన మనిషిని ఎండలో ఉత్తగా నిలబెట్టడం కుదరదు. లేచి ఇంటికిపోయి మజ్జిగ చెంబుతో వచ్చింది. వస్తూ ముగ్గు దగ్గర ఆగిపోయింది.

“ఏమేవ్ మదార్‌బీ! నా ముగ్గుకి దిష్టిచుక్క పెట్టిందెవరే?”

“నేనెందుకు పెడతానక్కా?”

“మరి ఇదేంది? పదకొండు చుక్కల ముగ్గులో నడిమధ్యన నల్లచుక్క!”

మదార్‌బీ వచ్చి చూసింది. “ఒకటి కాదక్కా. అదిగో ఇంకోటి. ఇదిగో…”

ఇద్దరూ ఒకరినొకరు అనుమానంగా చూసుకుంటుండగానే, వాళ్ళ కళ్ళముందే అలుకు మీద ఒకచోట చిన్న పెచ్చు లేచింది. పక్కకు తొలిగింది. పెన్సిలు గుచ్చి తీసినట్టు గుండ్రటి కన్నం పడింది. ఆ కన్నంలోంచి ఒక నల్లటి తల పైకొచ్చి, తలుపు సందులోంచి చూసినట్టు చూసి, కన్నానికి మూతలా అమరింది.

“అమ్మాయ్!” అని వెంకటరావమ్మ పెట్టిన కేకకు గట్టున మేస్తున్న మేకలు చెదిరాయి.

దీప్తి పరుగున వచ్చి మోకాళ్ళ మీద పడింది. అలుకు ఎండేకొద్దీ దిబ్బంతా కన్నాలు తెరుచుకుంటున్నాయి.

“పిల్లలండీ! ఉరుకులోడి పిల్లలు! పెరిగేదాకా బొరియల్లోనే ఉంటాయి. పొడి ఇసుకలో ఈ బొరియల అంచులు రాలిపోయి సరిగా కనపడవు. వీటిని లెక్కపెట్టలేక రెండేళ్ళు ఏడ్చాను పెద్దమ్మా. ఇప్పుడు చూడండి, అచ్చు వేసినట్టున్నాయి!”

“అలికితే ఏ నేలైనా తెలుస్తది” అంది వెంకటరావమ్మ. ఆమె గొంతు అప్పటికే మామూలు స్థాయికి వచ్చింది.

లెక్క మొదలైంది. మనిషి నీడ పడితే తలలు లోపలికి పోతున్నాయి, నీడ తీస్తే పైకొస్తున్నాయి. దీప్తి ఎనభై అనేసరికి రేంజరు డెబ్భై నాలుగన్నాడు. మదార్‌బీ నూరు దాటాయంది. మళ్ళీ మొదటినుంచి లెక్కపెట్టారు. చూసి చూసి పిచ్చయ్య ఆగలేకపోయాడు. బండి దిగి, చెప్పులు విడిచి, తనూ వంగాడు.

“సార్, ఇక్కడ మూడున్నాయి, వదిలేశారు! ఇదిగో, ఈ గట్టు కింద ఇంకో రెండు!”

“రాసుకోండమ్మా, పిచ్చయ్య గారివి ఐదు” అన్నాడు రేంజరు.

అప్పుడు గానీ పిచ్చయ్యకు తాను ఎవరి తరఫున లెక్కపెడుతున్నాడో తెలిసిరాలేదు. నాలిక కరుచుకుని నిటారుగా నిలబడ్డాడు. అప్పటికి లెక్క నూట పన్నెండు.

“కన్నాలు సరే” అన్నాడు రేంజరు. “లోపలున్నది ఏదో చూడకుండా ఎట్టా రాసేది?”

వెంకటరావమ్మ ఒక గడ్డిపరక తెంపింది. చిన్నప్పుడు ఇదే ఆట. పరకను కన్నంలోకి నిలువుగా జేనెడు దించి, ఊపిరి బిగబట్టి కూర్చుంది. పరక చిన్నగా వణికింది. ఇంకాస్త ఆగింది. మళ్ళీ వణికింది. చటుక్కున లాగింది. పరక కొసను కొరికి పట్టుకుని, వీపు మీద గూనితో, పెద్ద కోరలతో, తెల్లటి పురుగొకటి వచ్చి రేంజరు ఒట్టి పాదం పక్కన పడింది. ఆయన అంత నెమ్మదైన మనిషీ రెండడుగులు వెనక్కి గెంతాడు.

“భయం లేదయ్యా, మీరు చీమ కాదుగా” అంది వెంకటరావమ్మ.

దీప్తి దాన్ని చూసింది, ఫొటో తీసింది, అదేనని చెప్పింది. రేంజరు సంచీలోంచి కాగితాలు తీశాడు.

“ఇసుక తవ్వకూడదని ఇవాళే రాస్తాను. దిబ్బ చుట్టూ కంచె కూడా వేయిస్తాం. ఇక మనుషులెవరూ అడుగుపెట్టకుండా.”

వెంకటరావమ్మ చేతిలో మజ్జిగ చెంబు ఆగిపోయింది. “ఎవరూ అంటే… నేను కూడానా?”

“ఎవరూ అంటే ఎవరూనమ్మా.”

“చూశావా అత్తా” అన్నాడు పిచ్చయ్య. “నాకూ లేదు, నీకూ లేదు. పురుగుకి ఇల్లు కట్టించావు.”

వెంకటరావమ్మ పిచ్చయ్యను తిట్టలేదు. ఆమె తిట్టలేదంటే ఏదో ఆలోచిస్తోందని మదార్‌బీకి తెలుసు. దిబ్బను ఈ చివరనుంచి ఆ చివరదాకా ఒకసారి చూసుకుని, దక్షిణపు మూలకు వేలు చూపించింది.

“అయ్యా, ఆ మూల తుంగ చూశారా? మోకాళ్ళ నొప్పులొచ్చి మూడేళ్ళనుంచి ఆడ గడ్డి పీకటల్లా. కాయ కూడా పొయ్యటల్లా. పోయి ఆడ ఒక్క కన్నం చూపించండి. చూపిస్తే నా దిబ్బ మీరే తీసుకోండి.”

దీప్తి తుంగ విడదీసి, వేళ్ళ మధ్య అంగుళం అంగుళం చూసింది. రేంజరూ చూశాడు. ఒక్కటి లేదు. ఒక్క చీమ కూడా లేదు. కన్నాలన్నీ ఏటేటా గడ్డి పీకి, కాయ పోసి, మనుషులు తిరిగిన చోటే ఉన్నాయి.

దీప్తి చాలాసేపు ఆ మూలనీ ఈ మూలనీ చూసింది. “పెద్దమ్మ చెప్పింది నిజం సార్. దీనికి బట్టతలలాంటి ఇసుక కావాలి. గడ్డి మొలిస్తే పోతుంది. మిగతా మూడు వాగుల దగ్గరా కాస్తో కూస్తో మిగిలిన ఇసుకలో గడ్డి మొలిచింది, అక్కడ ఎవరూ కాయలు ఎండబోయలేదు. కంచె వేస్తే మూడేళ్ళలో మనమే దీన్ని పోగొడతాం.”

“అంటే వీణ్ణి ఇన్నాళ్ళూ పెంచింది నేనా?” అంది వెంకటరావమ్మ.

“మీరేనండీ.”

“నలభై ఏళ్ళు చంపుతున్నాననుకున్నానే!”

రేంజరు నవ్వి, కంచె అని రాసిన మాట కొట్టేశాడు. తవ్వకం ఆపాలి, గడ్డి పీకడం, కాయ ఎండబోయడం ఎప్పటిలాగే సాగాలి అని రాశాడు. కాయ బారులు బారులుగా పోసి, మధ్యలో ఖాళీ దారులు వదలమన్నాడు. రాసింది చదివి వినిపించి, మజ్జిగ తాగి, బూట్లు తొడుక్కున్నాడు.

“ఇంకో మాటమ్మా. పేడ మాత్రం మళ్ళీ వద్దు.”

“మళ్ళీ లెక్కపెట్టాలంటే?” అంది మదార్‌బీ.

రేంజరు దీప్తి వైపు చూశాడు. దీప్తి తలదించుకుని, “ఏడాదికొకసారి, ఓ మూల మటుకు…” అని గొణిగింది.

సోమవారం ట్రాక్టర్లు రాలేదు. మంగళవారం నాటికి దిబ్బ మీద ఎర్రటి బారులు, తెల్లటి దారులు. ఆ దారుల్లో ఉరుకులోళ్ళు మళ్ళీ వడ్డనకు దిగారు.

పది రోజులకు ఒక మిట్టమధ్యాహ్నం పిచ్చయ్య వచ్చాడు. ట్రాక్టరు మీద కాదు, నడిచి. నెత్తిన ఒక బస్తా. ముళ్ళకంప బయటే నిలబడి గొంతు సవరించుకున్నాడు.

“అత్తా.”

“ఏంరా?”

“రోడ్డు మీద పోసిన కాయ సగం తాలైంది. మిగతాది నిన్న బస్సు తొక్కింది. ఈ ఒక్క బస్తా… ఆ చివర ఓ బారు…”

“దిబ్బ నీదని కాగితం తెచ్చావా?”

పిచ్చయ్య తల గోక్కున్నాడు. వెంకటరావమ్మ కంపను కాలితో పక్కకు జరిపింది.

“చెప్పులు ఆడ విడువు. దారి చూసుకుని నడువు. కన్నం మీద కాలేశావంటే నీ బస్తా వాగులో ఉంటది.”

పిచ్చయ్య చెప్పులు విడిచాడు. నెత్తిన బస్తాతో ఒక్కో అడుగూ చూసి వేస్తున్నాడు. సగం దూరం పోయేసరికి ఒక ఉరుకులోడు రివ్వున వచ్చి, సరిగ్గా అతని ముందు టక్కున ఆగాడు. పిచ్చయ్య లేపిన కాలు లేపినట్టే ఉంచి, ఒంటికాలి మీద నిలబడిపోయాడు.

“పొమ్మను అత్తా!”

“తొందరేంరా? నీ సిమెంటు రోడ్డు ఎటూ పోదు” అంటూ వెంకటరావమ్మ తాలుకాయలు ఏరుకోసాగింది.